వంటింట్లోకి వినిపించేలా రాసిన మనిషి: హషిదా సుగాకో

సభకు నమస్కారం. జపాన్ టీవీ రచయిత్రి గురించి తెలుగులో మాట్లాడతానంటే వెంటనే సరేనన్న నిర్వాహకులకు, ఈ ఎండలో వచ్చి కూర్చున్న మీ అందరికీ కృతజ్ఞతలు.

మా అమ్మ సీరియల్ చూడదు, వింటుంది. హాల్లో టీవీ మోగుతూ ఉంటుంది, ఆవిడ వంటింట్లో పప్పు మెదుపుతూ ఉంటుంది. పాత్రలు మాట్లాడుకుంటున్నంతసేపూ ఆవిడకి కథ అందుతూనే ఉంటుంది. మాటలు ఆగి మ్యూజిక్ ఒక్కటే వచ్చిందంటే గరిటె చేత్తో పట్టుకునే గుమ్మం దాకా వచ్చి, "ఏమైందే? ఎవరొచ్చారు?" అని అడుగుతుంది. నేను పద్దెనిమిదేళ్లుగా సీరియళ్లకి మాటలు రాస్తున్నాను. అమ్మ ఇలా వినడం నాకు చాలాకాలం బాధగా ఉండేది. ఇంత కష్టపడి రాస్తే సగం చెవితో వినేవాళ్లేనా మన ప్రేక్షకులు అనుకునేదాన్ని. ఆ బాధని నాలోంచి తీసేసిన మనిషి హషిదా సుగాకో. జపాన్‌లో ఇంటిపేరు ముందు వస్తుంది కాబట్టి హషిదా ఇంటిపేరు, సుగాకో ఆవిడ పేరు.

హషిదా పాత్రలు ఎక్కువ మాట్లాడతాయి. ఒక్కొక్కరు పేజీలకు పేజీలు మాట్లాడతారు. నటులకి అది పెద్ద పరీక్ష. పైగా ఆవిడ స్క్రిప్టులో ఒక్క మాట అటూ ఇటూ మార్చడానికి వీల్లేదు. ఎందుకంత మాట అంటే, చేతిలో పని ఉన్న ఇల్లాలు తెర వైపు తిరక్కపోయినా కథ తప్పిపోకూడదు. సగం చెవితో వింటున్నారే అని ఆవిడ బాధపడలేదు. ఆ చెవి కోసమే ఒక శైలిని తయారుచేసుకున్నారు.

ఒక ఉదాహరణ చెబుతాను. ఇది ఆవిడది కాదు, పద్ధతి అర్థం కావడానికి నేను అల్లింది. కూతురు పెట్టె పట్టుకుని పుట్టింటికి వచ్చింది. సినిమాలో అయితే తలుపు తెరుచుకుంటుంది, తల్లి చూపు పెట్టె మీద పడుతుంది, అంతే, సీను అయిపోయింది. హషిదా పద్ధతిలో తల్లి ఇలా అంటుంది: "ఏంటమ్మా, ఇంత రాత్రివేళ పెట్టె పట్టుకుని వచ్చావు? అల్లుడుగారికి చెప్పే వచ్చావా? మొన్నేగా మీ అత్తగారి ఆపరేషన్ అయింది, ఆవిణ్ని ఎవరు చూసుకుంటున్నారు?" అవతల గదిలో బట్టలు మడత పెడుతున్న మనిషికి కూడా ఈ మూడు ప్రశ్నల్లో అంతా తెలిసిపోయింది. అదే సమయంలో ఆ తల్లి ఎలాంటిదో కూడా తెలిసింది. కూతురి ముఖం చూడకముందే వియ్యపురాలి ఆపరేషన్ గుర్తొచ్చిన తల్లి ఆవిడ. సమాచారం చెప్పే డైలాగులోనే మనిషి బయటపడాలి. ఇది చెప్పినంత తేలిక కాదు, రాసేవాళ్లకి తెలుస్తుంది.

ఇక ఆవిడ జీవితంలోకి వస్తాను. 1925 మే 10న పుట్టారు, ఇప్పటి దక్షిణ కొరియా రాజధాని సియోల్‌లో. అప్పుడు ఆ నగరం జపాన్ పాలనలో ఉండేది, జపనీయులు కేజో అనేవాళ్లు. ఆవిడ ఒక్కతే సంతానం. ఒసాకా పక్కన సకాయ్ అనే ఊళ్లో పెరిగారు. తల్లికి కూతురు కళ్ల ముందే ఉండాలి, మంచి సంబంధం చూసి చేసేయాలి. కూతురు చదువు పేరుతో టోక్యో వెళ్లిపోయింది, మహిళా విశ్వవిద్యాలయంలో చేరింది. అది యుద్ధకాలం. ఆ రోజుల్లో నేనూ అందరిలాగే యుద్ధాన్ని నమ్మిన పిల్లనే అని ఆవిడ తర్వాత దాచకుండా చెప్పుకున్నారు. ఈ మాట గుర్తుంచుకోండి, ఆవిడ రాసిన ఓషిన్ అనే సీరియల్ దగ్గర మళ్లీ దీని దగ్గరికి వస్తాను.

యుద్ధం ముగిసిన కొత్తలో తిండికి కటకటగా ఉన్న రోజుల్లో ఆవిడ ఉత్తరాన యామగాత ప్రాంతానికి వెళ్లారు. అక్కడ మొగామి నది పారుతుంది. పాత రోజుల్లో ఆ కొండ ఊళ్ల పేదపిల్లలు ఒక బస్తా బియ్యానికి పనిలో కుదిరి, తెప్పల మీద ఆ నదిలో కిందికి వెళ్లేవాళ్లని ఆవిడ అక్కడే విన్నారు. ఇరవై దాటిన ఆ అమ్మాయి మనసులో ఆ తెప్ప ఉండిపోయింది. బయటికి రావడానికి ముప్పై ఏడేళ్లు పట్టింది.

1949లో షోచికు సినిమా కంపెనీ స్క్రిప్టు విభాగంలో ఉద్యోగం వచ్చింది. ఆ విభాగంలో చేరిన మొదటి ఆడమనిషి ఆవిడే. పదేళ్లు అక్కడ ఉన్నారు. నాగసాకి అణుబాంబు నేపథ్యంలో 1950లో వచ్చిన సినిమాకి ఇద్దరు సీనియర్లతో కలిసి స్క్రిప్టు రాశారు, పేరు తెర మీద పడింది. కానీ సినిమా అప్పుడు మగవాళ్ల లోకం. దర్శకుడిదే మాట, స్క్రిప్టు మీద ఎవరి చేయి పడుతుందో తెలియదు. చివరికి 1959లో, స్క్రిప్టు విభాగం వదిలి సెక్రటరీ పనికి మారమన్నారు. ఆవిడ మారలేదు, రాజీనామా ఇచ్చారు.

ఆ సంవత్సరం గురించి ఒక్క నిమిషం. 1958లో జపాన్‌లో సినిమా టికెట్లు 112 కోట్లు అమ్ముడయ్యాయి, ఆ దేశ చరిత్రలోనే అది శిఖరం. ఐదేళ్లు తిరిగేసరికి అందులో సగానికి కూడా రాలేదు. 1959 ఏప్రిల్‌లో యువరాజు పెళ్లి టీవీలో ప్రత్యక్షంగా చూపిస్తారంటే జనం ఎగబడి టీవీ సెట్లు కొన్నారు. శిఖరం మీద నుంచి కొండ జారడం మొదలైన క్షణంలో హషిదా కొండ దిగారు. ఆవిడకి అప్పుడు ఆ లెక్కలేం తెలియవు. చేతిలో ఉద్యోగం లేదు, వయసు ముప్పై నాలుగు, పెళ్లి కాలేదు. అమ్మాయిల పత్రికలకి కథలు రాసి రోజులు వెళ్లదీశారు. టీవీ స్టేషన్లకి స్క్రిప్టులు పట్టుకుని తిరిగారు. ఆ కొన్నేళ్ల గురించి తలుచుకుంటే నాకు మన కృష్ణానగర్ గుర్తొస్తుంది. ఫైలు చంకలో పెట్టుకుని, "రేపు రండి" అనిపించుకుని తిరిగి వచ్చే రచయితలు ఏ ఊళ్లోనైనా ఒకటే.

అలా తిరుగుతుండగా ప్రైవేటు టీవీ సంస్థ టీబీఎస్‌లో ఇషీ ఫుకుకో అనే నిర్మాత పరిచయమయ్యారు. ఆవిడా ఆడమనిషే, వయసులో ఒక ఏడాది చిన్న. 1964లో ఆదివారం రాత్రి వచ్చే గంట నాటకం కోసం ఒక స్క్రిప్టు రాయమని ఇచ్చారు. ముఖానికి క్యాన్సర్ వచ్చి చనిపోయిన ఒక అమ్మాయి, ఆమె ప్రేమించిన కుర్రాడు రాసుకున్న ఉత్తరాలు అప్పటికే పుస్తకంగా వచ్చి దేశాన్ని ఏడిపించాయి. దాన్ని గంట నాటకం చేయాలి. హషిదా రాసి తెచ్చింది రెండు గంటలకి సరిపడా ఉంది. ఇలాంటప్పుడు మన దగ్గర ఏం జరుగుతుందో నాకు బాగా తెలుసు. ఒకసారి నేను ప్రాణం పెట్టి రాసిన ఏడు పేజీల సీను సెట్‌కి వెళ్లేసరికి పేజీన్నర అయింది. ఎవరు కోశారో, ఎందుకు కోశారో ఈ రోజుకీ తెలియదు. ఇషీ గారు కోయలేదు. చదివి, ఇందులో తీసేయడానికి ఏమీ లేదని, స్పాన్సర్‌ని ఒప్పించి రెండు వారాలు రెండు భాగాలుగా వేశారు. ఆ నాటకంతో హషిదా పేరు ఇంటింటికీ తెలిసింది. రాసేవాళ్లకి ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు అలాంటి మనిషి దొరికితే చాలు. ఆ ఇద్దరి స్నేహం, ఆ ఇద్దరి పని హషిదా పోయేదాకా, అంటే యాభై ఏడేళ్లు సాగింది.

1966లో తన 41వ పుట్టినరోజున ఆవిడ పెళ్లి చేసుకున్నారు. భర్త కూడా టీబీఎస్ ఉద్యోగే, తనకంటే నాలుగేళ్లు చిన్న. ఆయన ఒక షరతు పెట్టారు, తను ఇంట్లో ఉన్నంతసేపూ కాగితం కలం కనిపించకూడదని. ఈ కాలం అమ్మాయిలకి ఇది వింటే కోపం వస్తుంది, నాకూ వచ్చింది. ఆయన ఆఫీసుకి వెళ్లాక రాసుకోవడం, వచ్చేలోగా బల్ల సర్ది వంట చేయడం, ఇదీ ఆవిడ దినచర్య. కానీ ఆవిడ లెక్క వేరు. ఇంట్లోకి ఒక నెల జీతం వస్తోంది కాబట్టి ఇష్టం లేని పనికి వద్దని చెప్పగలిగాను, నిర్మాతలతో పోట్లాడగలిగాను అనేవారు. దానికితోడు అత్తగారూ ఆడపడుచులూ ఉన్న ఇంటికి కోడలయ్యారు. అప్పటిదాకా బయటి నుంచి చూసిన లోకాన్ని లోపలి నుంచి చూశారు.

ఆ లోపలి చూపు 1976లో జపాన్ ప్రజా ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే కోసం రాసిన సీరియల్లో బయటపడింది. దాని పేరుకి అర్థం పక్కింటి పచ్చిక. పక్కింటి పచ్చికే పచ్చగా కనిపిస్తుందని వాళ్ల సామెత. మనం పొరుగింటి పుల్లకూర రుచి అంటాం కదా, అదే. కొత్తగా కట్టుకున్న ఇంట్లోకి అత్తగారు వచ్చి చేరుతుంది. కథ అంతే. హత్య లేదు, ఆస్తి కుట్ర లేదు. అన్నం ఎంత మెత్తగా వండాలి, ఎవరు ఎప్పుడు స్నానం చేయాలి, మనవడికి ఎవరు ఏం చెప్పాలి, గొడవలన్నీ వీటి మీదే. స్టేషన్‌కి ఉత్తరాల వరద వచ్చింది. కోడళ్లు రాశారు, అత్తగార్లూ రాశారు. ఎవరికి వాళ్లు ఇది మా ఇల్లే అన్నారు.

మన సీరియళ్లలోనూ అత్తాకోడళ్లే కదా, తేడా ఏమిటి అని మీరు అడగొచ్చు. నేను చూసినంతలో తేడా ఒకటి ఉంది. మనం అత్తగారికి ఒక పథకం ఇస్తాం. పాలల్లో ఏదో కలపడమో, కాగితాల మీద సంతకం పెట్టించుకోవడమో ఉంటుంది. హషిదా అత్తగారికి పథకం ఉండదు, భయం ఉంటుంది. కొడుకు చెయ్యి జారిపోతున్నాడన్న భయం, రేపు మంచం పడితే ఎవరు చూస్తారన్న భయం. ఆ భయంతో మాట అంటుంది. ఆ మాటకి కోడలి దగ్గరా జవాబు ఉంటుంది. ఇద్దరి మాటా న్యాయంగానే వినిపిస్తుంది, అందుకే గొడవ తెగదు.

1981లో ఎన్‌హెచ్‌కే ఆదివారం చారిత్రక ధారావాహిక రాసే అవకాశం ఇచ్చింది. ఏడాది పాటు నడిచే ఆ ధారావాహికలు అప్పటిదాకా ఎక్కువగా యోధుల కథలే. తోయోతోమి హిదెయోషి అనే యోధుడి ప్రసిద్ధమైన కథని ఆయన భార్య నెనె వైపు నుంచి చెప్పారు హషిదా. యుద్ధాలు దూరంగా ఎక్కడో జరుగుతాయి, వాటి వార్త ఇంటికి వస్తుంది, ఇంట్లో ఉన్నవాళ్లు మాట్లాడుకుంటారు. చరిత్రని వంటింటి గుమ్మంలో నిలబెట్టారు. జనం విరగబడి చూశారు.

ఇప్పుడు ఓషిన్. నేను ఈ రోజు వచ్చిందే దీని కోసం.

1983 ఏప్రిల్ 4 సోమవారం ఉదయం మొదలై 1984 మార్చి 31న ముగిసింది. రోజుకి పదిహేను నిమిషాలు, వారానికి ఆరు రోజులు, మొత్తం 297 భాగాలు. లెక్క వేస్తే 74 గంటల పైచిలుకు, అంతా ఒక్క చేత్తో రాసింది. మన దగ్గర కథ ఒకరు, స్క్రీన్‌ప్లే ఒకరు, మాటలు ఒకరు రాస్తాం, అయినా ఎపిసోడ్ బ్యాంకు అయిపోతోందని రాత్రి పదకొండింటికి ఫోన్ వస్తుంది. 74 గంటలు ఒక్కరు రాయడం అంటే ఏమిటో నా వెన్నుపూసకి తెలుసు. సగటున నూటికి 52.6 ఇళ్లలో దాన్ని చూశారు. ఆ ఏడాది నవంబర్ 12న వచ్చిన భాగాన్ని 62.9 శాతం ఇళ్లలో చూశారు. జపాన్ టీవీ నాటకాల్లో ఆ రికార్డుని ఇంకా ఎవరూ దాటలేదు.

ఈ కథకి మూలం రెండు. ఒకటి మొగామి నది తెప్ప, ఇందాక చెప్పాను. రెండోది ఒక ఉత్తరం. మెయిజీ కాలంలో, అంటే 1912కి ముందు పుట్టిన ఒక ముసలావిడ, మంచం మీద నుంచి, తన బతుకు మొత్తం హషిదాకి రాసి పంపింది. చిన్నప్పుడే పనిలో పెట్టడం, పస్తులు, ఇంట్లో పుట్టకుండా పోయిన పిల్లలు, అన్నీ అందులో ఉన్నాయి. ఇలాంటి ఆడవాళ్ల కథ ఎవరూ చెప్పకుండానే ఈ తరం వెళ్లిపోతుందని హషిదాకి అనిపించింది. ఈ కథ పట్టుకుని వెళితే, పేదరికం, పాత కాలం, ఎవరు చూస్తారు అన్నవాళ్లే ఎక్కువ. చివరికి ఎన్‌హెచ్‌కే ఒప్పుకుంది.

కథ 1983లోనే మొదలవుతుంది. ఎనభై దాటిన ఓషిన్‌కి సూపర్ మార్కెట్లు ఉన్నాయి, ఆ రోజు కుటుంబం పదిహేడో దుకాణం తెరుస్తోంది. పెద్దావిడ కనపడదు. ఎవరికీ చెప్పకుండా రైలెక్కి, మంచుతో కప్పి ఉన్న తను పుట్టిన ఊరికి వెళ్లిపోయింది. అక్కడి నుంచి వెనక్కి, ఏడేళ్ల పిల్ల దగ్గరికి. ఓషిన్ పుట్టిన ఏడు 1901, చక్రవర్తి హిరోహితో పుట్టిన ఏడు కూడా అదే. హషిదా కావాలనే అలా పెట్టారు. ఆ కాలం మొత్తానికి సాక్షి అయిన ఆ చక్రవర్తి ఈ కథ చూడాలని ఆవిడ కోరిక.

ఆ ఇంట్లో ముల్లంగి అన్నం తింటారు. పేరుకే అన్నం, ముల్లంగి ముక్కల మధ్య మెతుకులు వెతుక్కోవాలి. తల్లి మళ్లీ గర్భవతి. ఇంకో నోరు పెరిగితే తిండి లేదు. కడుపు పోగొట్టుకోవాలని ఆవిడ గడ్డకట్టే నదిలో నడుము లోతు దిగి నిలబడుతుంది. ఏడేళ్ల పిల్ల ఒడ్డు మీద నుంచి చూస్తుంది. పెద్దల మాటలు ఆ పిల్లకి సగమే అర్థమవుతాయి, కానీ తను పనిలోకి వెళితే అమ్మ ఆ నీళ్లలోకి దిగక్కర్లేదని మాత్రం అర్థమవుతుంది. వెళ్లనని మొండికేసిన పిల్ల వెళతానంటుంది. ఏడాది పనికి ఒక బస్తా బియ్యం.

వెళ్లే ముందు నాయనమ్మ ఒక యాభై సెన్ల, అంటే అర యెన్, వెండి నాణెం మనవరాలి చేతిలో పెడుతుంది. ఆ ముసలావిడ దగ్గర ఉన్నది అదొక్కటే. అత్యవసరమైతే వాడుకోమంటుంది. కలప దుకాణంలో ఓషిన్ వీపున పసిబిడ్డని కట్టుకుని, మంచు నీళ్లలో గుడ్డలు ఉతికి, నెలల తరబడి ఆ నాణేన్ని దాచుకుంటుంది. ఒక రోజు అక్కడి పెద్ద పనిమనిషి పర్సులో యాభై సెన్లు కనపడవు. పిల్లని సోదా చేస్తారు. నాణెం దొరుకుతుంది. ఇది మా నాయనమ్మ ఇచ్చింది అని పిల్ల చెబుతుంది, ఎవరూ నమ్మరు. మీ ఇంట్లో యాభై సెన్లు ఎక్కడివి అంటారు. ఆ నాణెం లాగేసుకుంటారు.

ఈ సీను నేను ఎన్నిసార్లు చూశానో చెప్పలేను. దొంగ అన్న మాట కంటే పెద్ద దెబ్బ ఇందులో ఉంది. మీ నాయనమ్మకి అంత డబ్బు ఉండే అవకాశమే లేదు అంటే, ఆవిడ నీకు ఇచ్చిన ప్రేమ కూడా అబద్ధమే అన్నట్టు. అన్ని తిట్లు, అంత చాకిరీ ఓర్చుకున్న పిల్ల దీన్ని ఓర్చుకోదు. ఆ మంచు తుఫానులోనే పారిపోతుంది.

ఇక్కడ ఆగి ఒక మాట చెప్పాలి. ఓషిన్ అనగానే ప్రపంచమంతా ఓర్పు అంది. పత్రికలు రాశాయి, నాయకులు ఉపన్యాసాల్లో వాడుకున్నారు, పిల్లలకి పాఠంగా చెప్పారు. హషిదాకి అది నచ్చలేదు, తను రాసింది ఓర్పు కథ కాదని చెప్పుకుంటూనే వచ్చారు. నేను ఆవిడ మాటే నిజమంటాను. కావాలంటే లెక్కపెట్టండి. కలప దుకాణం నుంచి వెళ్లిపోయింది. పెద్దయ్యాక, తండ్రి కుదిర్చిన బతుకు వద్దని ఆడవాళ్ల జుట్టు ముడిచే పని నేర్చుకోవడానికి ఇల్లు విడిచి టోక్యో వెళ్లిపోయింది. 1923 భూకంపంలో అంతా పోయి అత్తగారి ఊరు సగా చేరితే, అక్కడ నరకం చూసి, పుట్టిన బిడ్డని పోగొట్టుకుని, ఆ ఇంట్లోంచీ బయటికి నడిచింది. ఎనభై దాటాక సొంత ఇంట్లోంచి కూడా వెళ్లిపోయింది, కథ అక్కడే కదా మొదలైంది. ఇంతసార్లు గుమ్మం దాటిన మనిషిని ఓర్పుకి బొమ్మగా పెట్టడం అన్యాయం. ఎంతవరకు భరించాలో, ఎక్కడ లేచి నడవాలో ఆ మనిషికి తెలుసు. సగా భాగాలు వస్తున్నప్పుడు ఆ ప్రాంతం వాళ్లు మా ఊరికి చెడ్డపేరు తెస్తున్నారని నొచ్చుకున్నారు కూడా. అత్తగారు అంత నిజంగా తగిలింది మరి.

మంచులో పడిపోయిన ఓషిన్‌ని కాపాడేది సైన్యం నుంచి పారిపోయి కొండల్లో దాక్కున్న ఒక సైనికుడు, షున్‌సాకు. రష్యాతో యుద్ధంలో మనుషుల్ని చంపి, ఇక చంపలేక వచ్చేసినవాడు. ఆ గుడిసెలో పిల్లకి చదవడం నేర్పుతాడు, మౌతార్గాన్ నేర్పుతాడు. యొసానో అకికో అనే కవయిత్రి యుద్ధానికి వెళ్లిన తమ్ముణ్ని ఉద్దేశించి నువ్వు చావకు అని రాసిన పద్యం చదివి వినిపిస్తాడు. తర్వాత సైనికులు అతన్ని పిల్ల కళ్ల ముందే కాల్చేస్తారు. ఉదయం ఎనిమిదింపావుకి, జనం టిఫిన్ చేసే వేళ, యుద్ధాన్ని కాదన్న మనిషి చావు చూపించారు.

అది అక్కడితో అయిపోలేదు. ఏళ్లు గడుస్తాయి. ఓషిన్ భర్త ర్యూజో సైన్యానికి సరుకు సరఫరా చేసి సంపాదిస్తాడు. ఇల్లు కళకళలాడుతుంది. షున్‌సాకు చెప్పింది ఓషిన్ మరిచిపోలేదు, కానీ నోరు విప్పలేదు. పెద్ద కొడుకు ఫిలిప్పీన్స్‌లో పోతాడు. జపాన్ ఓడిపోతుంది. నేను ఊళ్లో పిల్లల్ని యుద్ధానికి పంపించాను అని ర్యూజో ప్రాణం తీసుకుంటాడు. తెలిసి కూడా ఊరుకున్నాను అన్న పశ్చాత్తాపం ఓషిన్‌కి మిగులుతుంది. యుద్ధాన్ని నమ్మిన పిల్లనే అని హషిదా చెప్పుకున్న మాట ఇందాక గుర్తుంచుకోమన్నాను కదా. ముప్పై ఎనిమిదేళ్ల తర్వాత ఆవిడ ఆ మాటకి జవాబు రాసుకున్నారు, దేశం మొత్తం ముందు.

ఓషిన్ అరవైకి పైగా దేశాలకి వెళ్లింది. ఇరాన్‌లో యుద్ధం మధ్యలో చూశారు. వియత్నాంలో ఇంటి పనిమనిషిని ఈ రోజుకీ ఓషిన్ అంటారు. ఇరాన్‌లో వాడిన బట్టలు అమ్మే దుకాణాలకి తనాకురా అని పేరు పడింది. ఓషిన్ అత్తింటి పేరు తనోకురా, ఓషిన్ బట్టలమ్మి బతికింది కదా, అందుకని. ఒక రచయిత్రి పెట్టిన పేరు పరాయి భాషలో మామూలు మాట అయిపోవడం కంటే పెద్ద బిరుదు ఏముంటుంది?

1989లో ఆవిడ మరో చారిత్రక ధారావాహిక రాస్తున్నారు. అంతకుముందే భర్తకి ఊపిరితిత్తుల క్యాన్సర్ అని తెలిసింది. ఆ రోజుల్లో జపాన్‌లో రోగికి ఆ మాట చెప్పేవాళ్లు కాదు, ఆవిడా చెప్పలేదు. రాయడం మానేస్తే ఆయనకి అనుమానం వస్తుంది, అందుకని రాస్తూనే ఉన్నారు. సెప్టెంబర్‌లో ఆయన పోయారు. ధారావాహిక డిసెంబర్ దాకా నడిచింది. 1992లో టీవీ రచనని, మంచి కార్యక్రమాలని గౌరవించడానికి తన పేరు మీద ఒక సాంస్కృతిక సంస్థ పెట్టారు.

1990లో ఇషీ గారితో కలిసి మొదలుపెట్టిన సీరియల్ గురించి క్లుప్తంగా చెబుతాను. జపాన్‌లో ఒక సామెత ఉంది, లోకంలో రాక్షసులు లేరు, ఎక్కడికెళ్లినా మంచివాళ్లు దొరుకుతారు అని. హషిదా దాన్ని తిరగేసి, లోకమంతా రాక్షసులే అని పేరు పెట్టారు. ఐదుగురు కూతుళ్లున్న ఒకాకురా కుటుంబం, అందులో రెండో కూతురు సత్సుకి కోడలిగా వెళ్లిన కోరాకు అనే నూడుల్స్ హోటల్. ఓషిన్ తల్లిగా వేసిన ఇజుమి పింకోయే ఈ సత్సుకి. 2011 దాకా, విడతలు విడతలుగా, 500 భాగాలు. తల్లి పాత్ర వేసిన యామాఒకా హిసానో అనారోగ్యంతో తప్పుకుంటే కథలో ఆ తల్లిని చనిపోనిచ్చారు, తర్వాత 1999లో ఆవిడా పోయారు. ప్రేక్షకులు ఇంట్లో మనిషి పోయినట్టు దుఃఖపడ్డారు.

ఈ సీరియల్ నాకు పూర్తిగా నచ్చిందని చెప్పలేను. పదేళ్ల పిల్లాడూ డెబ్బై ఏళ్ల పెద్దావిడా ఒకే పద్ధతిగా, ఒకే మర్యాదగా మాట్లాడతారు. కొన్నిచోట్ల పాత్ర తప్పుకుని హషిదా గారే వచ్చి కూర్చుని మాట్లాడుతున్నట్టు ఉంటుంది. చెవి కోసం రాసే శైలికి అది వెల. కానీ ఆ హోటల్లో గొడవ జరుగుతున్నప్పుడు ఎవరి చేతులూ ఖాళీగా ఉండవు, చూడండి. ఒకరు గిన్నెలు కడుగుతుంటారు, ఒకరు కూర తరుగుతుంటారు, ఒకరు ఆర్డర్ అందిస్తుంటారు. పని చేసుకుంటూ వినే మనిషికి, పని చేసుకుంటూ మాట్లాడే మనుషుల్ని చూపించారు. ఇది నేను నా సీన్లలోకి తెచ్చుకున్నాను. సీన్ పేపర్ మీద ముందు ఎవరి చేతిలో ఏ పని ఉందో రాసుకుంటాను, మాట తర్వాత.

ఆవిడ ఆఖరి రోజుల దాకా సముద్రం ఒడ్డున ఆతామిలో ఉన్నారు. ఓడలో ప్రపంచం చుట్టి వచ్చారు. తన చావు తన ఇష్టప్రకారం జరిగే హక్కు ఉండాలని 2017లో పుస్తకం రాసి, తొంభై రెండేళ్ల వయసులో పెద్ద చర్చ లేవదీశారు. 2020లో ప్రభుత్వం సంస్కృతి పురస్కారం ఇచ్చింది. 2021 ఏప్రిల్ 4న, ఆతామిలోని సొంత ఇంట్లో, తొంభై ఐదేళ్ల వయసులో కన్నుమూశారు. ముప్పై ఎనిమిదేళ్ల క్రితం సరిగ్గా అదే తేదీన ఓషిన్ మొదటి భాగం వచ్చింది.

ఓషిన్ తెప్ప ఎక్కే సీను తెచ్చాను, ఒక ఐదారు నిమిషాలు ఉంటుంది. ముందు బొమ్మ లేకుండా వినిపిస్తాను. భాష మనకి రాదు, ఫర్వాలేదు. నీళ్ల చప్పుడులో పిల్ల గొంతు ఎలా దూరమవుతుందో వినండి. ఒడ్డు మీద ఎవరు బయటికి ఏడుస్తున్నారో, ఎవరు ఆపుకుంటున్నారో వినండి. తర్వాత బొమ్మతో చూద్దాం. బాబూ, ఆ తెర ఆపి సౌండ్ ఒక్కటే పెట్టమ్మా.